54 నిమిషాలు అడిగిన సినిమాకు 31 నిమిషాల సంగీతం: ఒక కేస్ స్టడీ

స్వతంత్ర చిత్రానికి నేపథ్య సంగీతం చేయడమంటే ఏమేం ఉంటాయో, మొదటి ఒప్పందం నుంచి ఆఖరి కాగితం వరకు ఇక్కడ ఒక కేసుగా రాశాం. ఇవన్నీ ఒకే సినిమాలో జరిగినవి కావు. ఒకే తరహా పనులు కొన్నింటిని కలిపి ఒకటిగా కుట్టాం, ఎవరినీ గుర్తుపట్టే వివరాలు ఉంచలేదు. అంకెలు మాత్రం పనిలో నిజంగా వేసుకునే లెక్కలే. కావాలంటే కాగితం మీద వేసి చూసుకోవచ్చు.

సినిమా నిడివి 91 నిమిషాల 40 సెకన్లు. కుటుంబ కథ, పాత్రలు తక్కువ, మాటలు ఎక్కువ. ఎడిటింగ్ టేబుల్ మీద వేసిన టెంప్ మ్యూజిక్, అంటే వేరే చోట్ల నుంచి తెచ్చి తాత్కాలికంగా అతికించినది, 54 నిమిషాలు. "దాదాపు ఇంతే కావాలి" అన్నారు దర్శకురాలు. మాటలు, చప్పుళ్లు, సంగీతం కలిపే ఫైనల్ మిక్స్‌కు స్టూడియో తేదీ అప్పటికే ఖరారైంది. చేతిలో ఉన్నది ఏడు వారాలు.

నిమిషాల లెక్క

బడ్జెట్ చూసేముందు నిమిషాలు చూడాలి. కొత్తవాళ్లు ఇక్కడే పప్పులో కాలేస్తారు. పారితోషికం ఎంత అని అడుగుతారు గానీ ఎన్ని నిమిషాలకు అని అడగరు.

వాద్యాలన్నీ శాంపిల్స్‌తో (ముందే రికార్డు చేసి ఉంచిన వాద్య స్వరాలతో) వాయించి, దర్శకురాలు విని ఒప్పుకునే నాణ్యతలో మాకప్ తయారవడానికి రోజుకు ఒకటిన్నర నిమిషం సంగీతం అనుకోవడం సబబు. రెండు నిమిషాలు వచ్చే రోజులుంటాయి. ఏమీ రాని రోజులూ ఉంటాయి. 54 నిమిషాలకు రాయడానికే 36 రోజులు. మార్పులకు 12, రికార్డింగ్ ఏర్పాట్లకు 6, మిక్స్‌కు 8, అప్పగింతకు 1. మొత్తం 63 రోజులు. వారానికి ఆరు రోజులు పనిచేసినా ఏడు వారాల్లో దొరికేవి 42.

31 నిమిషాలైతే రాయడానికి 21, మార్పులకు 7, రికార్డింగ్‌కు 4, మిక్స్‌కు 5, అప్పగింతకు 1. మొత్తం 38. నాలుగు రోజులు మిగులుతాయి. ఆ నాలుగు రోజులూ ఎటు పోయాయో తర్వాత చూద్దాం.

డబ్బు ప్యాకేజీ పద్ధతిలో వచ్చింది. ఒకే మొత్తం ఇస్తారు, వాద్యకారులూ స్టూడియో ఖర్చులూ అందులోనే. మొత్తాన్ని 100 భాగాలనుకుంటే పంపకం ఇలా కుదిరింది. వాద్యకారులకూ స్టూడియోకూ 26, మిక్స్ ఇంజనీర్‌కు 10, నొటేషన్ పత్రాలు తయారుచేసేవారికి 4, పరికరాల అద్దె, ప్రయాణాల వంటి చిల్లర ఖర్చులకు 5, అనుకోని వాటికి 10, కంపోజర్‌కు 45. ఆ 45ను 38 రోజులకు పంచితే రోజుకు 1.2 భాగాలు. 63 రోజులకు పంచితే 0.7. అంటే 54 నిమిషాలకు సరేనన్న క్షణంలోనే కంపోజర్ తన రోజుకూలిని సుమారు నలభై శాతం తగ్గించుకున్నట్టు. పైగా గడువూ దాటుతుంది.

ఇందులో ఒక పేచీ ఉంది, దాచడం ఎందుకు? టీవీలోనో వేరే చోటో సినిమా ప్రసారమైనప్పుడు వచ్చే రాయల్టీని, దాన్ని వసూలు చేసి పంచే సంఘాల్లో చాలావరకు సంగీతం నిడివిని బట్టి లెక్కకడతాయి. 23 నిమిషాలు తగ్గించుకోవడమంటే ఆ రాబడినీ తగ్గించుకోవడమే. ఈ ఆశతోనే అవసరం లేని చోట కూడా సన్నగా ఒక ప్యాడ్, అంటే పొడవు స్వరాల పరుపు, పరిచి నిమిషాలు పెంచేవాళ్లున్నారు. మిక్స్ గదిలో ఆ ప్యాడ్‌నే మొదట మ్యూట్ చేస్తారు. తెరపై వినబడని సంగీతం, రాయల్టీకి ఆధారమైన జాబితా క్యూ షీట్‌లోకి ఎక్కదు.

ఒప్పందంలో రాయించుకున్నవి

డబ్బు తక్కువున్న సినిమాలో బేరం ఆడాల్సింది హక్కుల దగ్గర. ఈ కేసులో సంగీతం మీద కాపీరైటు, పబ్లిషింగ్ (స్వరరచన మీద రాబడి హక్కు), మాస్టర్ రికార్డింగులు (అసలు రికార్డింగులు) కంపోజర్ దగ్గరే ఉన్నాయి. ఈ సినిమాలోనూ దాని ట్రైలర్లు, ప్రచారంలోనూ ప్రపంచమంతటా, అన్ని మాధ్యమాల్లో, శాశ్వతంగా వాడుకునే లైసెన్సు నిర్మాతకు వెళ్లింది. నిర్మాతకు నిజంగా కావలసింది అదే. హక్కులన్నీ మొత్తంగా కొనుక్కోవాలంటే అందుకు తగ్గ సొమ్ము ఇవ్వాలని నిదానంగా చెబితే చాలామంది ఈ దారికి వస్తారు.

మార్పుల సంగతి. ఒక్కో క్యూకు, అంటే ఒక్కో సంగీతం ముక్కకు, రెండు విడతల సవరణలు పారితోషికంలో భాగం, మూడో దాని నుంచి రోజు లెక్కన అదనం. పిక్చర్ లాక్ అంటే ఏమిటో కూడా ఒక వాక్యంలో రాశారు: "ఒక్క ఫ్రేము కూడా చేరని, తీయని తుది కూర్పు." లాక్ తర్వాత కోతలు మారితే సంగీతాన్ని మళ్లీ సరిపెట్టే మొదటి రోజు ఉచితం, తర్వాతది అదనం.

చెల్లింపు మూడు విడతలు. సంతకానికి 40 శాతం, మాకప్‌లన్నీ ఆమోదించాక 30, స్టెమ్స్, అంటే వాద్యాల గుంపులవారీగా విడదీసిన తుది ఫైళ్లు, అప్పగించాక 30. ఆఖరి విడత 'సినిమా విడుదలయ్యాక' అని ఉంటే సంతకం చేయకూడదు. విడుదల కంపోజర్ చేతిలో లేదు. చాలా చిన్న సినిమాల విషయంలో నిర్మాత చేతిలోనూ లేదు.

వాద్యకారులు సంతకం చేయాల్సిన పత్రం ఇంకొకటి ఉంది. తాము వాయించిన రికార్డింగును సినిమాలో వాడుకోవచ్చని, దానిపై తమకు వేరే హక్కు లేదని చెప్పే ఒక పేజీ. దీన్ని వాయించిన రోజునే, డబ్బు చేతిలో పెట్టేటప్పుడే తీసుకోవాలి. ఈ కేసులో నలుగురి దగ్గర తీసుకున్నారు. ఇంటి నుంచి రికార్డు చేసి పంపిన వేణువు కళాకారుడి దగ్గర మర్చిపోయారు. ఏడాది తర్వాత పంపిణీదారు అప్పగింత జాబితాలో ఆ పత్రం అడిగితే, అప్పటికి ఫోన్ నంబరు మార్చేసిన మనిషిని వెతకడానికి పది రోజులు పట్టింది.

ఫైలు వచ్చిన రోజు

సంగీతం ఒక్క స్వరం రాయకముందే వీడియో ఫైలును పరీక్షించాలి. కంపోజర్ ఏం అడిగాడంటే: సినిమాను ఐదు రీళ్లుగా విడగొట్టాలి, ఒక్కోటి 20 నిమిషాలకు మించకూడదు. మొదటి రీలు 01:00:00:00 దగ్గర, రెండోది 02:00:00:00 దగ్గర, అలా గంట తేడాతో మొదలవాలి. తెర మీద టైమ్‌కోడ్, అంటే ఈ గంట:నిమిషం:సెకను:ఫ్రేము లెక్క, కనబడాలి. శబ్దంలో డైలాగు ఒక ట్రాకు, ఎఫెక్టులు ఒకటి, టెంప్ మ్యూజిక్ విడిగా ఒకటి. టెంప్ డైలాగుతో కలిసిపోయి వస్తే అది ఆపి సీను చూసే వీలే ఉండదు.

ఈ రోజుల్లో ఫిల్ము రీళ్లు ఎక్కడున్నాయి అని అడుగుతారు. రీళ్లుగా విడగొట్టేది డబ్బాలో పెట్టడానికి కాదు. రెండో రీల్లో పది సెకన్లు కోసినా, మూడు, నాలుగు, ఐదు రీళ్లలోని సంగీతం ఉన్నచోటే ఉంటుంది. ఒకే పొడవాటి ఫైలైతే ఆ కోత తర్వాత ఉన్నదంతా కదులుతుంది.

ప్రతి రీలుకూ బొమ్మ మొదలవడానికి సరిగ్గా రెండు సెకన్ల ముందు ఒక ఫ్రేము నిడివి బీప్ ఉంటుంది. టూ-పాప్ అంటారు. మొదటి రీల్లో అది 00:59:58:00 దగ్గర రావాలి. ఆఖరి ఫ్రేము దాటాక రెండు సెకన్లకు ఇంకొకటి, టెయిల్ పాప్. ఈ సినిమాలో తల దగ్గరి పాప్ సరిగ్గా కూర్చుంది. తోక దగ్గరిది కూర్చోలేదు. 18 నిమిషాల రీల్లో సెకనుకు పైగా తేడా వచ్చింది. కారణం తెలిసినదే. ఎడిటింగ్ సెకనుకు 24 ఫ్రేములతో జరిగింది, బయటికి తీసిన ఫైలు 23.976తో. తేడా వెయ్యింటికి ఒక వంతు. పది నిమిషాలకు 0.6 సెకను, సినిమా మొత్తానికి ఐదున్నర సెకన్లు. ఒక్కో క్యూ రెండు నిమిషాలే కాబట్టి రాసేటప్పుడు ఎవరికీ తెలియదు. మిక్స్‌లో పెట్టాక ప్రతి క్యూ చివరా కాస్త కాస్త జారుతుంది, తప్పెక్కడుందో పట్టుకోవడానికి ఒక పూట పోతుంది. తోక పాప్ చూడటానికి రెండు నిమిషాలు చాలు.

స్పాటింగ్, 3ఎం4 సంగతి

దర్శకురాలు, ఎడిటర్, కంపోజర్ కూర్చుని సంగీతం ఎక్కడ మొదలై ఎక్కడ ఆగాలో తేల్చుకునే సమావేశం స్పాటింగ్. ఈ సినిమాకు ఐదు గంటలు పట్టింది. క్యూలకు పేర్లు అంకెల్లో ఉంటాయి. 3ఎం4 అంటే మూడో రీల్లో నాలుగో సంగీతం ముక్క. 'ఇల్లు అమ్మే సీను' లాంటి పేర్లు పెట్టుకుంటే సినిమాలో అలాంటి సీను ఇంకొకటి ఉన్నప్పుడు ఫైళ్లు కలగాపులగం అవుతాయి.

54 నుంచి 31కి ఎలా వచ్చారనేది 3ఎం4 ఒక్కదానిలో కనబడుతుంది. అక్కాతమ్ముళ్లు ఇల్లు అమ్మకం కాగితాల ముందు కూర్చుని మాట్లాడుకునే సీను. 4 నిమిషాల 10 సెకన్లు. టెంప్‌లో మొదటి నుంచి చివరి దాకా పెద్ద తీగవాద్య బృందం మోగుతుంది. దర్శకురాలు ఆ సంగీతాన్ని నెలల తరబడి వినీ వినీ దానికి అలవాటు పడిపోయారు. దీన్ని టెంప్ మోజు అంటారు. ఈ స్థితిలో "అలాంటిదే రాస్తాను" అన్నా ఇరుక్కుపోతాం, "అది బాగాలేదు" అన్నా ఇరుక్కుపోతాం. మొదటి దానిలో అనుకరణ అవుతుంది, కాపీరైటు తగాదాకు దారి. రెండో దానిలో దర్శకురాలి అభిరుచిని తప్పుపట్టినట్టవుతుంది.

దానికి బదులు అడగాల్సింది ఇది: ఈ టెంప్ ఏ క్షణంలో పనిచేస్తోంది? వేగం, వాద్యాల దట్టం, స్థాయి, మార్పు వచ్చే చోటు, ఈ నాలుగూ విడివిడిగా చూడాలి. చూస్తే తేలింది ఏమిటంటే, దర్శకురాలికి నచ్చింది తీగవాద్యాలు కాదు. అక్క కలం కింద పెట్టగానే టెంప్‌లో హఠాత్తుగా శ్రుతి మారుతుంది, ఆ మలుపు నచ్చింది. అంతకుముందు రెండున్నర నిమిషాలూ సంగీతం మాటల మీద బరువు వేయడం తప్ప చేస్తున్నది లేదు. టెంప్ ఆపి సీను రెండుసార్లు వేసి చూపించారు. రెండోసారికి దర్శకురాలే "ఇక్కడ వద్దు" అన్నారు. ఈ మాట కంపోజర్ చెబితే వాదన, తెర చెబితే నిర్ణయం. సంగీతం 2:35 దగ్గర మొదలై 1:35 నిడివి నడిచేలా కుదిరింది.

ప్రవేశం కోత మీద పెట్టలేదు. కోత తర్వాత పది ఫ్రేములకు, కుర్చీ జరిగిన చప్పుడు కింద మొదలైంది. కోత మీద సరిగ్గా మొదలయ్యే సంగీతం 'ఇప్పుడు గమనించండి' అని ప్రేక్షకుడి భుజం తట్టినట్టుంటుంది. కొన్ని సీన్లకు అదే కావాలి, దీనికి కాదు.

ఇక వేగం. సెకనుకు 24 ఫ్రేములైతే నిమిషానికి 1440. ఒక తాళం దెబ్బకు ఎన్ని ఫ్రేములో దానితో 1440ను భాగిస్తే నిమిషానికి ఎన్ని దెబ్బలో వస్తుంది. 72 వేగంలో దెబ్బకు 20 ఫ్రేములు, నాలుగు దెబ్బల బార్‌కు 80. క్యూ మొదలైనప్పటి నుంచి పట్టుకోవాల్సిన క్షణాలు మూడు. కలం కింద పెట్టడం 23 సెకన్ల 8 ఫ్రేముల దగ్గర, అంటే 560 ఫ్రేములు, సరిగ్గా 28 దెబ్బలు, 7 బార్లు. తమ్ముడి చూపు 41 సెకన్ల 16 ఫ్రేముల దగ్గర, 1000 ఫ్రేములు, 50 దెబ్బలు. 12 బార్ల మీద రెండు దెబ్బలు మిగులుతాయి, కాబట్టి అక్కడ ఒక రెండు దెబ్బల బార్ వేశారు. మూడోది బయటి వీధికి కోత, 1:05:06 (నిమిషం, సెకన్లు, ఫ్రేములు), అంటే 1566 ఫ్రేములు. 72 వేగంలోనే వెళితే 78వ దెబ్బ 1560 దగ్గర పడుతుంది, బొమ్మ కంటే 6 ఫ్రేములు ముందు. సంగీతం బొమ్మ కంటే ఒకటి రెండు ఫ్రేములు వెనక పడితే చెల్లుతుంది. ముందు పడితే జరగబోయేది చెప్పేసినట్టుంటుంది. అందుకని చివరి 28 దెబ్బలను 71.24 వేగానికి దించారు. దెబ్బకు 20.21 ఫ్రేములు. ఈ మాత్రం తేడాను చెవి పట్టుకోదు.

మాటల కింద ఏం వాయించాలన్నది ఇంకో చిక్కు. మాట స్పష్టంగా వినిపించడానికి 1 నుంచి 4 కిలోహెర్ట్జ్ మధ్య ప్రాంతం ముఖ్యం. హల్లులు అక్కడే బతుకుతాయి. ఆ ప్రాంతంలో కదిలే శ్రావ్యత, ముఖ్యంగా ఓబో, వేణువు లాంటి ఒంటరి గొంతు వాద్యం, మాటతో నేరుగా పోటీపడుతుంది. చెల్లో మొదటి ఎన్నిక అయింది గానీ, మగ గొంతు మూలస్వరం 85 నుంచి 180 హెర్ట్జ్ మధ్య తిరుగుతుంది, చెల్లో కింది తీగలు కూడా అక్కడే. తమ్ముడు మాట్లాడే చోట చెల్లో ఒక్క పొడవు స్వరం మీద నిలబడి, అతను ఆగినప్పుడే కదిలింది. పియానో మాటల సందుల్లో పడింది. మిక్స్‌లో సంగీతం తగ్గించే అవసరం రాకుండా రాయడమంటే ఇదే.

మూడు గంటల రికార్డింగ్

31 నిమిషాల్లో నలుగురి తీగవాద్య బృందం వాయించేది 14. మిగతాది పియానో, ఎలక్ట్రానిక్స్, వేణువు. ఉన్న డబ్బుకు దొరికింది ఒక్క మూడు గంటల సెషన్. రెండు పది నిమిషాల విరామాలు తీసేస్తే 160 నిమిషాలు. మైకులు, హెడ్‌ఫోన్లు సరిచూడటానికి 15. మిగిలింది 145. సంగీతం నిమిషానికి పది నిమిషాల స్టూడియో సమయం. ఇది చాలుతుంది, కానీ వృథా చేసుకునేంత లేదు.

రికార్డు చేసిన వరుస సినిమా వరుస కాదు. చేతులు కుదురుకోవడానికి ఒక తేలిక క్యూ, వెంటనే అన్నిటికంటే కష్టమైనది, ఆ తర్వాత నిశ్శబ్దంగా బయటపడి వినిపించేవి, అలసిపోయాక పొడవు స్వరాల పరుపులు. పత్రాల మీద ప్రతి బార్‌కూ అంకె. పేజీ తిప్పాల్సిన చోట విరామం ఉండేలా కూర్పు. లేకపోతే కాగితం చప్పుడు టేకులో పడుతుంది.

క్లిక్, అంటే హెడ్‌ఫోన్లలో వినిపించే తాళం టిక్కు, విషయంలో ఒక దెబ్బ తగిలింది. స్టూడియో సాఫ్ట్‌వేర్ వేరు. కంపోజర్ టెంపో మ్యాప్‌ను (ఎక్కడ ఏ వేగమో చెప్పే పట్టికను) మిడి ఫైలుగా (శబ్దం కాకుండా స్వరాల, వేగాల సమాచారం ఉండే ఫైలుగా) పంపాడు, తెరిచేసరికి క్రమంగా తగ్గే వేగాలు మెట్లు మెట్లుగా మారాయి. 3ఎం4లో చివరి బార్లు కలవలేదు. పదకొండు నిమిషాలు పోయాయి. క్లిక్‌ను ఆడియో ఫైలుగా, రెండు బార్ల ముందస్తు లెక్కతో, టైమ్‌కోడ్ ముద్రతో అచ్చు వేసి పట్టుకెళ్లి ఉంటే ఈ గొడవ లేదు. ఆ ఆడియో క్లిక్‌లోనే చివరి స్వరం దగ్గర శబ్దాన్ని తగ్గించి ఆపేయాలి. వాద్యాలు సన్నబడే చోట హెడ్‌ఫోన్ల నుంచి కారే టిక్ టిక్ మైకులో పడితే అది ఏ ఫిల్టరుకూ పోదు. ఒక చెవి తీసి వాయించే అలవాటున్నవారికి ఆ తీసిన వైపు హెడ్‌ఫోన్ గిన్నె పూర్తిగా మూసి ఉండేలా చెప్పాలి.

నలుగురిని పదిమందిలా వినిపించడానికి ఐదు నిమిషాల సంగీతాన్ని మొదటి రికార్డింగు మీద రెండోసారి వాయించారు. అదే మనిషి, అదే వాద్యం, అదే కుర్చీ, అదే మైకు అయితే బృందం పెద్దది కాదు, ధ్వని గుల్లగా తేలిపోతుంది. రెండోసారికి కుర్చీలు మార్చారు, మొదటి వయొలిన్ రెండోదాని భాగం వాయించింది, మైకులు మీటరు వెనక్కి జరిపారు. దాని కింద శాంపిల్ తీగవాద్యాలు తక్కువ స్థాయిలో ఉంచారు. శాంపిల్ లెగాటో స్వరం (తెగకుండా ఒకదాని నుంచి ఇంకొకదానికి సాగేది) తాళం కంటే ఆలస్యంగా పలుకుతుంది, కొన్నింటిలో 100 మిల్లీసెకన్ల పైనే. ఆ ట్రాకును అంతమేర ముందుకు జరపకపోతే నిజమైన వాద్యకారులే తొందరపడినట్టు వినిపిస్తుంది.

లాక్ విరిగింది

ఇల్లు అలకగానే పండగ కాదు. రికార్డింగ్ అయిన నాలుగో రోజు కొద్దిమందికి సినిమా చూపించారు. రెండు మార్పులు వచ్చాయి. నాలుగో రీల్లో ఒక సీను ఎగిరిపోయింది, దానితో పాటు సిద్ధమైన ఒక క్యూ కూడా. మూడో రీల్లో 3ఎం4 మధ్యలో, చూపుకూ వీధికీ మధ్య, 11 సెకన్ల 10 ఫ్రేములు తీసేశారు. అంటే 274 ఫ్రేములు.

ఎడిటర్ నుంచి మార్పుల జాబితా, కొత్త వీడియో రెండూ అడగాలి. జాబితా మాత్రమే వస్తే అందులో లేని చిన్న సవరింపు ఒకటి ఎక్కడో ఉంటుంది. వీడియో మాత్రమే వస్తే అది వెతకడానికి ఒక రోజు.

ఆ భాగంలో దెబ్బకు 20.21 ఫ్రేములు. మూడు బార్లు తీస్తే 243 ఫ్రేములే పోతాయి, 31 తక్కువ. మూడున్నర బార్లు, అంటే 14 దెబ్బలు తీస్తే 283, తొమ్మిది ఎక్కువ. రెండోది ఎంచుకున్నారు. ఎక్కువ తీసినప్పుడు తర్వాతి భాగాన్ని 9 ఫ్రేములు వెనక్కి నెడితే సరిపోతుంది, ఏర్పడిన సందును పియానో స్వరం తోకతో నింపవచ్చు. తక్కువ తీస్తే సంగీతాన్ని నొక్కి కుదించాలి, చెవికి అది తెలుస్తుంది.

కోత పెట్టిన చోట చెల్లో స్వరం బార్ గీత దాటి సాగుతోంది. అన్ని వాద్యాలనూ ఒకే చోట కోస్తే టక్కున తెగినట్టుంటుంది. పియానోను బార్ గీత దగ్గర, చెల్లోను రెండు దెబ్బల ముందు విల్లు తిరిగే చోట కోసి, ఐదు ఫ్రేముల క్రాస్‌ఫేడ్ (ఒకటి తగ్గుతుంటే ఇంకొకటి పెరిగే అతుకు) వేశారు. వాద్యాలు విడివిడి ట్రాకుల్లో ఉండబట్టే ఇది కుదిరింది. ఒకే స్టీరియో మిక్స్ ఉంటే మళ్లీ రికార్డు చేయడమే.

మొత్తానికి ఐదు రోజుల పని. ఒకటి ఉచితం, అది మార్పులకు అనుకున్న రోజుల్లోనే కలిసిపోయింది. నాలుగు అదనం. మిగులుగా ఉన్న నాలుగు రోజులు అలా కరిగాయి. నిర్మాత అదనపు డబ్బు సగమే ఇవ్వగలిగాడు. మిగతాది అత్యవసర నిధి నుంచి, 10 భాగాల్లో 6 వెళ్లాయి. ఒప్పందంలో ఆ వాక్యం లేకపోతే ఆ సగం కూడా వచ్చేది కాదు.

స్టెమ్స్

ఆరు స్టెమ్స్ ఇచ్చారు: తీగవాద్యాలు, చెల్లో ఒంటరిగా, పియానో, వేణువు, ఎలక్ట్రానిక్స్, లోతు శబ్దాలు. అన్నీ 48 కిలోహెర్ట్జ్, 24 బిట్ వేవ్ ఫైళ్లు, టైమ్‌కోడ్ ముద్రతో. ఫైలు పేరులో సినిమా సంకేతం, క్యూ అంకె, వెర్షన్, స్టెమ్ పేరు, మొదలయ్యే టైమ్‌కోడ్. 'ఫైనల్', 'ఫైనల్ కొత్తది' అనే పేర్లు నిషిద్ధం.

స్టెమ్స్ అన్నీ కలిపితే పూర్తి మిక్స్ రావాలి. చాలామందికి రాదు. మాస్టర్ మీద, అంటే అన్నీ కలిసి బయటికొచ్చే చోట, కంప్రెసర్ (శబ్దం హెచ్చుతగ్గులను తగ్గించే పరికరం) పెట్టి మిక్స్ చేస్తారు. విడిగా తీసినప్పుడు ఒక్కో స్టెమ్‌కు ఆ కంప్రెసర్ వేరేగా స్పందిస్తుంది. అందరికీ ఒకే రివర్బ్ (గది ప్రతిధ్వని) వాడితే అది ఏదో ఒక స్టెమ్‌లోనే ఇరుక్కుంటుంది, ఆ స్టెమ్ తగ్గిస్తే గది మొత్తం మాయం. స్టెమ్‌కు ఒక రివర్బ్, మాస్టర్ మీద ఏమీ లేకుండా ఉంచడమే మందు. పరీక్ష ఇలా: స్టెమ్స్ అన్నీ కలిపి, పూర్తి మిక్స్‌ను ఫేజ్ తిప్పి (శబ్ద తరంగాన్ని తలకిందులు చేసి) దానితో పాటు వేస్తే నిశ్శబ్దం రావాలి. ఏదైనా వినబడితే అదే తప్పు.

శబ్దం శిఖరాలను నొక్కే లిమిటర్ వేసి శబ్దం పెంచకూడదు. ఐరోపా ప్రసారాలు ఆర్128 ప్రమాణంలో మైనస్ 23 లఫ్స్ (శబ్దం ఎంత బిగ్గరగా ఉందో చెప్పే కొలత) అడుగుతాయి, మిగతాచోట్ల వేరే కొలతలు. అవన్నీ ఫైనల్ మిక్సర్ చూసుకునేవి. మధ్య స్పీకరును డైలాగుకు వదిలేశారు.

క్యూ షీట్, పాట, రాయల్టీ

సినిమాలో రేడియోలో వినిపించే పాత పాట ఒకటుంది, 48 సెకన్లు. దానికి చిత్రోత్సవాల వరకే లైసెన్సు తీసుకున్నారు. పంపిణీదారు అన్ని మాధ్యమాలకూ కావాలంటాడు, అప్పుడు పాట హక్కుదారుకూ రికార్డింగు హక్కుదారుకూ విడివిడిగా చెల్లించాలి. ఫైనల్ మిక్స్‌కు ముందే దాన్ని తీసేసి, కంపోజర్ అదే తరహా పాత ధ్వనితో కొత్త పాట చేశాడు. నిర్మాతకు ఖర్చు తప్పింది, కంపోజర్ జాబితాలో ఒక పాట చేరింది. దానితో కలిపి తుది లెక్క 22 క్యూలు, 31 నిమిషాలు.

క్యూ షీట్‌లో ఒక్కో వరుసకు క్యూ పేరు, నిడివి సెకన్లతో సహా, వాడుక తరహా, స్వరకర్త, పబ్లిషర్, వారి వాటాలు, ఐపీఐ నంబరు (వారిని గుర్తించే అంతర్జాతీయ సంఖ్య). తెరలోని రేడియోలో మోగేదీ, నేపథ్యంలో మోగేదీ వేర్వేరు తరహాలు. కొన్నిచోట్ల చెల్లింపూ వేరు. నిడివి రాయాల్సింది కంపోజర్ ఫైళ్లను బట్టి కాదు, ఫైనల్ మిక్స్‌లో మిగిలిన దాన్ని బట్టి. షీట్ దాఖలు చేయాల్సింది సాధారణంగా నిర్మాణ సంస్థ. చిన్న సంస్థలో ఆ పని ఎవరిదో ఎవరికీ తెలియదు. అందుకే కంపోజర్ తానే నింపి, నిర్మాతతో సంతకం చేయించి, తన సంఘానికి ఒక ప్రతి పంపాడు.

అమెరికాలో థియేటర్ ప్రదర్శనకు సంగీతం రాయల్టీ రాదు. 1948లో అక్కడి ఫెడరల్ కోర్టు థియేటర్ల నుంచి వసూలు చేసే పద్ధతిని తప్పుపట్టాక ఆ దారి మూసుకుంది. ఐరోపాలో చాలా దేశాల్లో థియేటర్లు చెల్లిస్తాయి. టీవీ, స్ట్రీమింగ్ అన్నిచోట్లా వేరే లెక్క. విదేశీ రాయల్టీ చేతికి రావడానికి ఏడాది, రెండేళ్లు పట్టడం మామూలే.

తర్వాత

సినిమాకు 38 రోజులు అనుకుని 42 పట్టే పనిలో, మధ్యలో ఖాళీ వారాలు కలిపితే ఏడాదికి నాలుగైదు సినిమాలే గరిష్ఠం. అందుచేత హక్కులు దగ్గర ఉంచుకున్న సంగీతం రెండో ఆదాయం. నాలుగో రీల్లో ఎగిరిపోయిన క్యూ తర్వాత ఒక డాక్యుమెంటరీకి లైసెన్సు మీద వెళ్లింది. తర్వాతి పని తెచ్చింది దర్శకురాలు కాదు, ఎడిటర్. దర్శకులు రెండు మూడేళ్లకొక సినిమా తీస్తారు, ఎడిటర్లు ఏడాదికి రెండు మూడు చేస్తారు. మార్పుల రోజున ఫైళ్లు సమయానికి, సరైన పేర్లతో పంపినవాడిని వాళ్లు గుర్తుపెట్టుకుంటారు.

ప్రాజెక్టును దాచిన తీరు కూడా చెప్పాలి. అన్ని సాఫ్ట్‌వేర్ వాద్యాలనూ ఆడియోగా మార్చి, మిడి, నొటేషన్ పత్రాలు, స్టెమ్స్, ఒప్పందాలు, వాద్యకారుల సంతకాలు, క్యూ షీట్ ఒకే ఫోల్డరులో పెట్టి రెండు డిస్కుల మీద, వేర్వేరు చోట్ల ఉంచారు. మూడేళ్ల తర్వాత ఒక ప్రసార సంస్థ 25 ఫ్రేముల వెర్షన్ అడిగింది. 24 నుంచి 25కు వేగం పెంచితే సినిమా 4 శాతం కుదించుకుంటుంది, శ్రుతి అర్ధస్వరంలో సుమారు 70 శాతం లేస్తుంది, దాన్ని సరిచేయాలా వద్దా అని స్టెమ్స్‌తోనే తేల్చుకోవాలి. అప్పటికి ఎలక్ట్రానిక్స్ ట్రాకుల్లో రెండు ప్లగిన్లు కొత్త కంప్యూటరులో తెరుచుకోవడం లేదు. ఆడియోగా మార్చి ఉంచిన ఫైళ్లు తెరుచుకున్నాయి.